వైజ్‌మన్ పద్ధతిలో మిర్చి యార్డు: కామెంటరీ, ఇంటర్వ్యూ లేకుండా ఒక చోటుని తీయడం ఎలా?

#1 · యార్డుగేటు
అందరికీ నమస్తే. గుంటూరు మిర్చి యార్డు మీద పెద్ద నిడివి డాక్యుమెంటరీ ప్లాన్ చేస్తున్నాం. అమెరికన్ డాక్యుమెంటరీ దర్శకుడు ఫ్రెడరిక్ వైజ్‌మన్ పద్ధతి: కామెంటరీ లేదు, కూర్చోబెట్టి అడిగే ఇంటర్వ్యూ లేదు, పేర్లు చెప్పే క్యాప్షన్ లేదు, పైనుంచి వేసే మ్యూజిక్ లేదు. సరుకు బాగా దిగే ఫిబ్రవరి నుంచి ఏప్రిల్ దాకా షూట్. ముగ్గురం, సూపర్ 35 సెన్సర్ కెమెరా ఒకటి, జూమ్ లెన్స్ ఒకటి, రికార్డర్ ఒకటి.

సౌండ్ ఎవరు పట్టుకోవాలి? అన్ని గంటల ఫుటేజీని దారికి తెచ్చేదెలా? టిక్కీ (మిర్చి బస్తా), మచ్చు (నమూనా), తాలు (రంగు పోయిన నాసి కాయ) అంటే ఏమిటో హైదరాబాద్‌లోనో డాలస్‌లోనో కూర్చున్నవాడికి కామెంటరీ లేకుండా ఎలా తెలుస్తుంది? పర్మిషన్లు ఎట్లా? సినిమా సిద్ధాంతాలు వేరే థ్రెడ్లలో చాలా ఉన్నాయి. ఇక్కడ పని చెప్పండి.

#2 · బూమ్‌రాడ్
సౌండ్ డైరెక్టరే పట్టుకోవాలి. వైజ్‌మన్ సినిమాల్లో దాదాపు అన్నిటికీ సౌండ్ ఆయనే. బడ్జెట్ లేక అట్లా చేశాడని చాలామంది అనుకుంటారు, అది తప్పు. కెమెరామన్ కన్ను వ్యూఫైండర్‌లో ఉంటుంది, ఫ్రేమ్ బయట ఏం జరుగుతోందో అతనికి కనపడదు. బూమ్ (మైక్ తగిలించిన పొడవాటి కర్ర) పట్టుకున్నవాడికి రెండు కళ్లూ ఖాళీ, పైగా హెడ్‌ఫోన్లో మాట అందరికంటే ముందు వినపడుతుంది. ఎవరి గొంతు మారిందో, ఎవరు నోరు తెరవబోతున్నారో మొదట తెలిసేది అతనికే. మైక్ ఎటు తిరిగితే కెమెరా అటు తిరగాలి. మీ కెమెరామన్‌తో ముందే నాలుగు సైగలు అనుకోండి: మైక్ కొన ఎవరి వైపు ఉంటే వాళ్లు, బూమ్ రెండుసార్లు కిందికి ఊపితే దగ్గరికి, పైకెత్తితే వైడ్, మణికట్టు తిప్పితే వింటున్నవాడి మొహం. మాటల్లేవు. మీరు గుసగుసలాడితే అదీ ట్రాక్ మీద పడుతుంది.

మూడో మనిషి పని: కార్డులు, బ్యాటరీలు, నోట్సు. ఫిల్మ్ రోజుల్లో మూడో మనిషి మ్యాగజైన్లు (కెమెరాకి తగిలించే ఫిల్ము డబ్బాలు) లోడ్ చేసేవాడు. 16 ఎం.ఎం.లో 400 అడుగుల మ్యాగజైన్ సెకనుకి 24 ఫ్రేముల లెక్కన 11 నిమిషాలు వస్తుంది, అంతే. ఇప్పుడా హద్దు లేదు కాబట్టి ‘అంతా రోల్ చేద్దాం’ అనే జబ్బు పట్టుకుంటుంది. దాని సంగతి ఎడిటింగ్ వాళ్లు చెప్తారు.

లెక్కలు:
48 కిలోహెర్ట్జ్, 24 బిట్. మామూలు మాట సగటు మైనస్ 20 డెసిబెల్స్ దగ్గర, పీకులు (శబ్దం ఎగిసే చోట్లు) మైనస్ 12 దాటకుండా. హమాలీ పక్కనే ‘జరుగు జరుగు’ అని అరిస్తే 24 బిట్‌లో క్లిప్ అవుతుంది, అంటే శబ్దం పగులుతుంది. 32-బిట్ ఫ్లోట్ రికార్డర్ దొరికితే ఆ భయం తగ్గుతుంది. కానీ మైక్ లోపలే శబ్దం పగిలిపోతే ఏ ఫ్లోటూ కాపాడదు.
నోటికీ మైక్‌కీ మధ్య అర మీటరు నుంచి ముప్పావు మీటరు. బయట దూరం రెట్టింపైతే మాట 6 డెసిబెల్స్ పడిపోతుంది, లారీ హారన్ మాత్రం అలాగే ఉంటుంది. యార్డులో మీటరున్నర దూరం అంటే ఆ డైలాగు పోయినట్టే.
రేకుల షెడ్డు కింద పొడవాటి షాట్‌గన్ (సన్నని గొట్టం లాంటి మైక్) వద్దు. పక్కల నుంచి వచ్చే ప్రతిధ్వనిని ఆ గొట్టం సరిగా ఆపలేదు, మాట డబ్బాలోంచి వచ్చినట్టుంటుంది. హైపర్‌కార్డియాయిడ్ (ఎదుటి శబ్దాన్నే ఎక్కువ పట్టే పొట్టి మైక్) పెట్టండి. షాట్‌గన్ ఆరుబయటికి.
లో-కట్ (లోతు మోతని కోసే స్విచ్) 80 హెర్ట్జ్.

కాలర్ మైకులు మానేయండి. తర్వాత ఎవరు మాట్లాడతారో తెలియని చోట ఎవరికని పెడతారు? పైగా మైక్ తగిలించుకున్న మనిషి ఆ క్షణం నుంచి ‘సినిమా మనిషి’ అయిపోతాడు, పక్కవాళ్లు అతని దగ్గర జాగ్రత్తగా మాట్లాడతారు.

#3 · ఓరుగల్లు_ఫ్రేమ్
బూమ్‌రాడ్ అన్న చెప్పింది కరెక్టే. ఒక్క ముచ్చట కలపాలె. ఆఫీసు రూముల్లో సీలింగ్ ఫ్యాన్ కింద బూమ్ లేపితే ఆ గాలే మైక్‌కి తగుల్తది. స్పాంజ్ సరిపోదు, బొచ్చు కవరే వెయ్యాలె. గా బొచ్చుల మిర్చి దుమ్ము నింపుకుంటది, సాయంత్రం ఆరుబయట దులపకపోతే తెల్లారి మైక్ పట్టుకున్నోడు తుమ్ముతనే ఉంటడు. ప్రతి టేకుల తుమ్మే. రెండు కవర్లు పెట్టుకోండ్రి, ఒకటి ఉతికి ఆరేసేలోపు ఇంకోటి.

#4 · ఎర్రచానెల్
కెమెరా గురించి ఎవరూ మాట్లాడట్లేదు, మిర్చి యార్డులో మొదట దెబ్బ తినేది కెమెరాయే.

ఎండలో మిర్చి కుప్ప తీస్తుంటే జీబ్రా (వెలుతురు ఎక్కువైన చోట మానిటర్ మీద వచ్చే చారలు) ఎక్కడా రాదు, ఎక్స్‌పోజర్ బాగుందనుకుంటారు. ఇంటికొచ్చి చూస్తే కుప్పంతా ఒకే ఎర్రముద్ద, కాయకీ కాయకీ తేడా ఉండదు. కారణం: జీబ్రా చూసేది వెలుతురుని, రంగుని కాదు. రెక్.709 (హెచ్‌డీ వీడియో రంగుల ప్రమాణం) లెక్కలో వెలుతురులో ఎరుపు వాటా 21 శాతమే. ఎరుపు చానెల్ పూర్తిగా నిండిపోయినా జీబ్రాకి అది చీకటి భాగంలాగే కనిపిస్తుంది. కాబట్టి ఆర్‌జీబీ పెరేడ్ (ఎరుపు, ఆకుపచ్చ, నీలం వేరువేరుగా చూపించే గ్రాఫు) ఆన్ చేసి ఎరుపు గీతని చూస్తూ ఎక్స్‌పోజ్ చేయండి. అది పై అంచుకి తగలకుండా ఐరిస్ మూయండి లేదా ఎన్‌డీ ఫిల్టర్ (వెలుతురు తగ్గించే అద్దం) పెంచండి. లాగ్‌లో (రంగులు తర్వాత సరిచేసుకునేలా చప్పగా రికార్డు చేసే పద్ధతి) తీస్తే కొంత వెసులుబాటు ఉంటుంది, 10 బిట్ అయితేనే. 8 బిట్ లాగ్‌లో ఎరుపు లాగితే గీతలు గీతలుగా వస్తుంది.

వైట్ బ్యాలెన్స్ ఆటోలో పెట్టారంటే సినిమా పోయినట్టే. ఫ్రేమ్‌లో కుప్ప వచ్చినప్పుడల్లా కెమెరా ఎరుపుని తగ్గించడానికి మొహాలను నీలి ఆకుపచ్చగా చేస్తుంది. బయట 5600 కెల్విన్ లాక్. షెడ్డులో కుప్ప పక్కన కూర్చున్నవాళ్ల గడ్డం కింద, ముక్కు కింద ఎర్రటి వెలుగు పడుతుంది. దాన్ని సరిచేయొద్దు, ఆ చోటు వెలుతురే అది.

సెకనుకి 25 ఫ్రేములు, షట్టర్ 1/50. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి ట్యూబులైట్లు సాధారణంగా మినుకుమనవు. చవక ఎల్‌ఈడీలు అప్పటికీ బ్యాండ్లు చూపిస్తాయి, కమీషన్ షాపుల్లో అవే ఎక్కువ. ముందురోజే వెళ్లి ఏ షాపులో ఏ లైటు ఉందో మానిటర్‌లో చూసుకోండి. 24 ఫ్రేములు కావాలని పట్టుబడితే షట్టర్ కోణం 172.8 పెట్టాలి.

లెన్స్ యార్డులో మార్చొద్దు. దుమ్ము సెన్సర్ మీద పడితే ఐరిస్ ఎఫ్/8 దాటి మూశాక ఆకాశం షాట్లన్నిటిలో చుక్కలే. 18 నుంచి 100 దాకా వచ్చే జూమ్ ఒకటి పొద్దున పెట్టి రాత్రి రూములోనే తీయండి. ఫ్యాన్ ఉన్న కెమెరా అయితే గాలి లోపలికి లాగే రంధ్రాన్ని రోజూ బ్లోయర్‌తో ఊదండి. రంధ్రానికి టేపు అంటించకండి, ఏప్రిల్ ఎండకి ఆగిపోతుంది.

ఎఫ్/4 నుంచి 5.6. ఎఫ్/1.8 అందాలు ఇక్కడ పనికిరావు. మనిషి ఎప్పుడు లేస్తాడో తెలియనప్పుడు అర అడుగు డెప్త్‌తో ఫోకస్ నిలబడదు. పైగా వెనకంతా మసకైపోతే చోటెక్కడ? మీరు తీస్తున్నదే ఆ చోటుని కదా.

#5 · చిన్నకాలువ
నా సందేహం వేరు. గమనించి తీయడమంటే ట్రైపాడ్ వేసి వదిలేయడమే కదా? మనం కదిలితే, జూమ్ చేస్తే అది ‘జోక్యం’ అవ్వదా?

#6 · బూమ్‌రాడ్
సీసీ కెమెరాకి, దీనికి తేడా అక్కడే. సీసీ కెమెరా అన్నీ చూస్తుంది, దేన్నీ చూపించదు. ఎక్కడ నిలబడాలి, ఎప్పుడు ఆన్ చేయాలి, ఎవరి మొహం మీద ఉండాలి... అన్నీ నిర్ణయాలే. వైజ్‌మన్ కూడా తన సినిమాలు నిష్పక్షపాతం అని ఎక్కడా చెప్పుకోలేదు. జరిగేదాన్ని మీరు జరిపించరు, మళ్లీ చేయమని అడగరు. హద్దు అంతవరకే.

#7 · ఎర్రచానెల్
చిన్నకాలువ గారూ, ఒక బేరం సీను ఉదాహరణ తీసుకోండి. రైతు, కమీషన్ ఏజెంటు, కొనుగోలుదారు, పక్కన గుమస్తా. కొనుగోలుదారు టిక్కీ కోసి గుప్పెడు కాయలు తీశాడు, విరిచాడు, వాసన చూశాడు, రంగు చూశాడు. ట్రైపాడ్ వైడ్‌లో ఇవన్నీ ఉంటాయి కానీ ఏదీ కనపడదు.

భుజం మీద కెమెరా, వాళ్ల కళ్ల ఎత్తులో. వాళ్లు బస్తాల మీద కూర్చుంటే మీరూ కూర్చోండి. మొదటి నిమిషంలో ఒక వైడ్, ఎవరెక్కడున్నారో తెలిసేలా. తర్వాత మాట్లాడేవాడి వెంట పరిగెత్తకండి. అలవాటు లేని కెమెరామన్ చేసే తప్పు అదే: మాట మొదలయ్యాక పాన్ చేస్తాడు, చేరేసరికి మాట అయిపోతుంది, ఇంకొకడు మొదలెడతాడు, మళ్లీ పాన్. అరగంట ఫుటేజీలో నిలకడగా ఉన్న షాట్ పది సెకన్లు దొరకదు. కొనుగోలుదారు ధర చెప్తుంటే రైతు మొహం మీదే ఉండండి. గొంతు ట్రాక్ మీద ఎలాగూ వస్తుంది. గుమస్తా పెన్ను, విరిచిన కాయలోంచి రాలిన గింజలు, చేతులు కట్టుకున్న రైతు కొడుకు: ఒక్కోటి పది సెకన్లు పట్టుకోండి. తర్వాత గంట సీనుని ఆరు నిమిషాలు చేసేది వీటితోనే. ఇవన్నీ ఆ సీనులోనే తీయాలి. మర్నాడు వెళ్లి ‘ఒకసారి కాయ విరవండి’ అంటే కుదరదు.

ఒక వైపు ఎంచుకుని అక్కడే ఉండండి. అడ్డగీత (మాట్లాడుకునేవాళ్ల మధ్య ఊహించుకునే గీత) దాటాల్సి వస్తే రోల్ చేస్తూనే నడిచి దాటండి, చూసేవాడికి తెలుస్తుంది.

బేరం అయిపోగానే కట్ చేయకండి. కొనుగోలుదారు వెళ్లాక రైతు ఏం చేస్తాడు? చాలాసార్లు సీను అక్కడ మొదలవుతుంది. మనుషులు ఫ్రేమ్ ఖాళీ చేసేదాకా ఆగి, ఇంకో పది సెకన్లు.

#8 · సబ్‌టైటిల్_సుబ్బు
మనవాళ్లు లెన్స్‌లోకి చూస్తారు. ‘ఏ చానెల్ సార్?’ అంటారు. టీ ఇస్తారు. దానికేం చేస్తారు?

#9 · ఎడిట్‌బల్ల
దానికి రెండు దారులున్నాయి. వైజ్‌మన్ దారి: పట్టించుకోకుండా పని చేసుకుపోతే కాసేపటికి వాళ్లూ పని చేసుకుంటారు, చూసిన షాట్లు ఎడిటింగ్‌లో పోతాయి. చేతిలో పనున్న మనిషి ఎక్కువసేపు లెన్స్‌లోకి చూడలేడు. అందుకే ఖాళీగా ఉన్నవాళ్ల నుంచి మొదలుపెట్టకండి, కాటా దగ్గర మొదలుపెట్టండి.

రెండో దారి డేవిడ్ మెక్‌డూగల్‌ది. మన దేశంలోనే చాలా పనిచేశాడు: డూన్ స్కూల్ మీద వరస సినిమాలు, ఢిల్లీలోని ఒక పిల్లల ఆశ్రయం మీద 2008లో ఇంకొకటి. చాలావరకు ఒక్కడే, చిన్న డిజిటల్ కెమెరాతో. పిల్లలు అతనితో మాట్లాడితే జవాబిస్తాడు, అదీ సినిమాలో ఉంటుంది. కెమెరా వెనక మనిషి ఉన్నాడని దాచడు. ‘ఏ చానెల్ సార్’ అనే మాట సినిమాలో ఉండనివ్వాలనుకుంటే ఆ దారి పట్టండి. కానీ ఏదో ఒకటి. సగం సినిమాలో కెమెరా లేనట్టు నటించి, మిగతా సగంలో కబుర్లాడితే చూసేవాడికి తికమక.

నా మాట అడిగితే యార్డుకి మొదటిదే. అక్కడ ఎవరికీ తీరిక ఉండదు.

#10 · యార్డుగేటు
మొదటిదే అనుకుంటున్నాం. ఎడిట్‌బల్ల గారూ, ఫుటేజీ లెక్క చెప్పండి. 150 గంటలు వస్తుందని అంచనా.

#11 · ఎడిట్‌బల్ల
150 మామూలే. 2013లో వచ్చిన బర్క్‌లీ యూనివర్సిటీ సినిమాకి వైజ్‌మన్ 250 గంటలు తీసి 244 నిమిషాలు ఉంచాడు. అంటే 61 గంటలకి ఒక గంట. మీరు రెండు గంటల సినిమా చేస్తే 75కి ఒకటి, కొంచెం ఎక్కువే.

ముందు స్టోరేజీ. సెకనుకి 100 మెగాబిట్ల కోడెక్ (వీడియో కుదించే పద్ధతి) గంటకి 45 జీబీ. 150 గంటలకి 6.75 టీబీ, సౌండ్ కాక. మూడు కాపీలు అంటే 20 టీబీ పైనే. ఒకటి గుంటూరు రూములో, ఒకటి రోజూ బ్యాగులో మీతో, ఒకటి వారానికోసారి వేరే ఊరికి. కాపీ చేసేటప్పుడు ఫైల్ మేనేజర్‌లో లాగి పడేయకండి, చెక్‌సమ్ (కాపీ అసలుతో సరిపోయిందో లేదో తేల్చే లెక్క) చూసే సాఫ్ట్‌వేర్‌తో చేయండి. కాపీ అయిందని చూపించి, మధ్యలో తెగిన ఫైలు మూడు నెలల తర్వాత బయటపడుతుంది. రెండో కాపీ వెరిఫై అయ్యేదాకా కార్డు ఫార్మాట్ చేయొద్దు.

ఎడిటింగ్ వైజ్‌మన్ వరస ఇలా ఉంటుంది, దీన్ని మార్చాల్సిన పని నాకు కనపడలేదు.

మొదట అంతా చూడటం, ఆరు వారాలు. ఎగతాళిగా అనిపిస్తుంది గానీ లెక్క వేయండి: 150 గంటలు, రోజుకి ఆరు గంటలు చూస్తే 25 రోజులు, ఆపి నోట్సు రాసుకుంటూ పోతే 38. ఆయన హోటల్ గైడులాగా నక్షత్రాలు వేసేవాడు, ఒకటి, రెండు, మూడు. సగం దాకా ఇక్కడే పక్కకి పోతుంది. నక్షత్రం పక్కన కారణం రాయండి. ‘బాగుంది’ అని రాస్తే ఆర్నెల్ల తర్వాత మీకే అర్థం కాదు. ‘గుమస్తా లెక్క తప్పు చెప్పాడు, రైతు వెంటనే పట్టుకున్నాడు, సౌండ్ క్లీన్’ అని రాస్తే పనికొస్తుంది.

తర్వాత మూడు, రెండు నక్షత్రాల సీన్లని ఒక్కోటిగా ఎడిట్ చేయాలి. వరస గురించి అప్పుడే ఆలోచించొద్దు. ఆరు నుంచి ఎనిమిది నెలలు దీనికే పోతుంది. ఇక్కడ అందరూ తొందరపడి, పేపరు మీద స్ట్రక్చర్ రాసుకుని, దానికి సీన్లు అతికిస్తారు. తలకిందులు పని. సీను కోసేటప్పుడే అందులో ఏముందో తెలుస్తుంది. బేరం సీను అనుకున్నది నిజానికి తండ్రీకొడుకుల సీను కావచ్చు.

సీన్లన్నీ చేతిలో ఉన్నాక మొదటి వరస మూడు నాలుగు రోజుల్లో వచ్చేస్తుంది. ఫైనల్ కంటే అరగంట, నలభై నిమిషాలు ఎక్కువుంటుంది. అక్కణ్నుంచి మరో ఆరు వారాలు లయ సరిచేయడం. ఆఖర్న చాలామంది వదిలేసే మెట్టు: పక్కన పడేసిన ఫుటేజీ అంతా మళ్లీ చూడాలి. మొదట ఒక్క నక్షత్రం పడ్డ షాట్ ఇప్పుడు ఏ రెండు సీన్ల మధ్యనో సరిగ్గా కూర్చుంటుంది.

#12 · చిన్నకాలువ
గంట బేరాన్ని ఆరు నిమిషాలు చేస్తే అది అబద్ధం కాదా?

#13 · ఎడిట్‌బల్ల
కుదింపు అబద్ధం కాదు, మాట మార్చడం అబద్ధం. నేను పెట్టుకునే గీత: సీను లోపల మాటల క్రమం తిప్పను. ఒక ప్రశ్నకి వచ్చిన నవ్వుని ఇంకో ప్రశ్న కింద పెట్టను. వింటున్నవాడి షాట్ అదే సీనులోది అయి ఉండాలి, వీలైతే అదే రెండు మూడు నిమిషాల్లోది.

పని ఎలాగంటే, ముందు సౌండ్ కోయండి, బొమ్మ తర్వాత. వాక్యం ముగిశాక ఊపిరి దగ్గర కోత, తర్వాతి వాక్యం ఊపిరి ముందు. ఆ అతుకు కింద అదే షాపు గది శబ్దం పరచండి. అందుకే ప్రతి చోటా కదలకుండా 60 సెకన్లు ఒట్టి శబ్దం రికార్డు చేయాలి. తర్వాత అతుకు మీద రైతు మొహమో, గుమస్తా చెయ్యో వేస్తారు.

ఇక్కడే ఒక పెద్ద చిక్కు: పాట. టీ కొట్టులో స్పీకర్ మీద సినిమా పాట మోగుతుంటే ఆ సీను కోయలేరు, పాట ఎగిరిపోతుంది. కోయకుండా వాడితే హక్కుల డబ్బు అడుగుతారు.

#14 · ఓరుగల్లు_ఫ్రేమ్
పాట బందు చెయ్యమంటే అయిపాయె కదా?

#15 · బూమ్‌రాడ్
అడిగారంటే ఆ కొట్టు మీ సెట్టు అయిపోతుంది. తర్వాత అతనే అడుగుతాడు, ‘సార్ ఇంకేం చేయమంటారు’ అని. హైపర్‌కార్డియాయిడ్‌కి పక్కన, కొంచెం వెనకవైపు తక్కువ వినపడే దిశ ఉంటుంది, స్పీకర్ ఆ దిశలో పడేలా మైక్ తిప్పి నిలబడండి. అయినా పోకపోతే ఆ కొట్టు వదిలేయండి, యార్డు చుట్టూ టీ కొట్లకి కరువా?

#16 · ఎడిట్‌బల్ల
నేను ఒప్పుకోను. ఫ్యాన్, రేడియో ఆపమని అడగడం, సోఫా జరపమని అడగడం ఒకటి కాదు. మాట వినపడని సీను తెచ్చిస్తే ఎడిటింగ్‌లో నేనేం చేయను? సీను మొదలవక ముందు, ఒకే ఒకసారి, మర్యాదగా అడగండి. మధ్యలో మాత్రం వద్దు.

#17 · నోటుబుక్కు
పర్మిషన్ల సంగతి. మార్కెట్ కమిటీ సెక్రటరీకి రాతపూర్వకంగా దరఖాస్తు: తేదీలు, మనుషుల పేర్లు, సామాను జాబితా, సినిమా ఎక్కడ చూపిస్తారో. ఇది గేటు లోపలికి పోవడానికి మాత్రమే. కమీషన్ షాపుల్లోకి ఎవరి షాపుకి వాళ్ల అనుమతి. హమాలీ సంఘం పెద్దలతో మొదటి వారమే మాట్లాడండి. కాగితం ఉన్నా వాళ్లు వద్దంటే కాటా దగ్గర నిలబడలేరు. చుట్టుపక్కల కోల్డ్ స్టోరేజీలు ప్రైవేటు ఆస్తులు, వాటికి వేరే. తొడిమలు తీసే ఆడవాళ్లని తీయాలంటే యజమానినీ అడగాలి, వాళ్లనీ అడగాలి. యజమాని సరే అన్నాడు కదా అని వాళ్లని అడక్కుండా తీయడం తప్పు.

మనుషుల అనుమతి: వైజ్‌మన్ కాగితాల మీద సంతకాలకు బదులు టేపు మీద నోటిమాట తీసుకునేవాడు. యార్డులో అదే నయం. సంతకం అనగానే అప్పు పత్రమేమో అని రైతు వెనక్కి తగ్గుతాడు. సీను అయిన వెంటనే రికార్డర్ ఆన్‌లో ఉంచి ఇంతే చెప్పండి:

‘మేం యార్డు మీద సినిమా తీస్తున్నాం. ఇందాక మీరు మాట్లాడింది అందులో రావచ్చు. టీవీలో, ఫోన్లో కూడా జనం చూడొచ్చు. మీకేమన్నా అభ్యంతరమా? వద్దంటే తీసేస్తాం.’

జవాబు, పేరు, ఊరు, షాపు నంబరు, తేదీ అన్నీ అదే ఫైలులో ఉండాలి. ఆ ఫైలు పేరు క్లిప్ నంబరుతో కలపండి. ‘ఫోన్లో కూడా’ అనే మాట మింగేయకండి, ఈరోజుల్లో అసలు అభ్యంతరం దానికే. ధర తగ్గిందని ఏడ్చిన మనిషిని అప్పటికప్పుడు అడగొద్దు, మర్నాడు అడగండి.

నోటిమాట ఒక్కటే కాపాడుతుందనీ అనుకోకండి. 1967లో మసాచుసెట్స్ జైలు ఆసుపత్రి మీద వైజ్‌మన్ మొదటి సినిమా తీశాడు. లోపలున్నవాళ్ల ఏకాంతానికి భంగమని రాష్ట్రం కోర్టుకెక్కింది. డాక్టర్లు, లాయర్లు, విద్యార్థులు లాంటివాళ్లకి తప్ప మామూలు జనానికి చూపించడం కుదరలేదు. అడ్డు 1991లో గానీ తొలగలేదు. ఆయన స్వయంగా లా చదివి, లా చెప్పినవాడు, అయినా తప్పలేదు. సంస్థతో ఏ మాట అనుకున్నారో, ఎడిటింగ్‌లో వాళ్లకి చెప్పే హక్కు లేదని కూడా, కాగితం మీద ఉండాలి.

యార్డులో పనిచేసే పిల్లలు ఫ్రేమ్‌లో పడితే జాగ్రత్త. సంరక్షణ అవసరమైన పిల్లల గుర్తింపు బయటపెట్టడం 2015 జువెనైల్ జస్టిస్ చట్టం సెక్షన్ 74 కింద నేరం. మొహం మసక చేయడం ఈ తరహా సినిమాలో అసహ్యంగా ఉంటుంది కాబట్టి తీసేటప్పుడే ఫ్రేమ్ బయట ఉంచండి.

#18 · యార్డుగేటు
ఇది ప్రింట్ తీసి పెట్టుకుంటాం. కామెంటరీ లేకుండా విషయం చెప్పడం గురించి ఇంకా ఎవరూ అనలేదు.

#19 · సబ్‌టైటిల్_సుబ్బు
యార్డులో వివరించే మాటలు రోజంతా జరుగుతూనే ఉంటాయి, మీరు వాటి దగ్గర నిలబడాలి. కొత్తగా చేరిన గుమస్తాకి పాత గుమస్తా చీటీ ఎలా రాయాలో చెప్తాడు. మొదటిసారి సరుకు తెచ్చిన రైతు ‘తేజ రకానికి అంత, నా కాయకి ఇంతేనా?’ అని అడుగుతాడు, ఏజెంటు రంగు, తేమ, తాలు గురించి పాఠం చెప్తాడు. కోల్డ్ స్టోరేజీలో పెట్టుకోవాలా, ఇప్పుడే అమ్మేయాలా అని ఇద్దరు అన్నదమ్ములు వాదించుకుంటారు. ఆ వాదనలో అద్దె, వడ్డీ, ధర అన్నీ వస్తాయి. వైజ్‌మన్ సినిమాల్లో ఇన్ని మీటింగులు ఎందుకుంటాయని విసుక్కుంటారు కానీ ఆ మీటింగులే ఆయన కామెంటరీ. మార్కెట్ కమిటీ మీటింగు, హమాలీ కూలి రేట్ల చర్చ, రైతు ఫిర్యాదు వినే గది... వీటికి ముందే అనుమతి తీసుకోండి. వీటిలో మూడు దొరికినా మీ పని అయినట్టే.

అన్నీ అర్థం కావాలని లేదు కూడా. ‘టిక్కీ’ అనే మాట పదిసార్లు బస్తా పక్కన వినపడితే చాలు.

సబ్‌టైటిళ్లు: వరసకి ఇంగ్లీషులో 40 అక్షరాలు, రెండు వరసలకి మించొద్దు, సెకనుకి 15 అక్షరాల లోపు. బేరంలో నలుగురు ఒకేసారి మాట్లాడతారు. నలుగురికీ వేస్తే ఎవరూ బొమ్మ చూడరు. ధర చెప్పేవాడిదీ, కాదనేవాడిదీ వేసి మిగతాది శబ్దంగా వదిలేయండి. యాస తెలిసిన మనిషితో తెలుగు ట్రాన్‌స్క్రిప్టు ముందు రాయించండి, దాన్నుంచి అనువాదం. ప్రకాశం, పల్నాడు, ఖమ్మం, కర్ణాటక సరిహద్దు నుంచి వచ్చిన రైతుల మాట ఒకటి కాదు.

#20 · ఎర్రచానెల్
చోటు షాట్ల గురించి రాసి ముగిస్తాను. సీనుకీ సీనుకీ మధ్య వీధి, వరండా, బోర్డులు, వాహనాలు: వీటిని అలంకారం అనుకుని ఆఖరి రెండు రోజుల్లో గబగబా తీస్తారు. వైజ్‌మన్ 2015లో న్యూయార్కు క్వీన్స్‌లోని జాక్సన్ హైట్స్ మీద చేసిన సినిమాలో రూజ్‌వెల్ట్ అవెన్యూ, పైన పోయే రైలు, అంగళ్ల బోర్డులు మళ్లీ మళ్లీ వస్తాయి. ఒక గదిలోంచి ఇంకో గదికి మనల్ని తీసుకెళ్లేవి అవే, వాటి వల్లే ఆ పేట మొత్తం ఎంతో తెలుస్తుంది.

మీరు రోజూ ఒక గంట దీనికి కేటాయించండి. ట్రైపాడ్ మీద, ఒక్కో షాట్ కనీసం 20 సెకన్లు, వాడేది ఐదారు సెకన్లే అయినా. జూమ్ లేదు, పాన్ లేదు. ప్రతి సీను తీసిన షాపుకి బయటి నుంచి బోర్డుతో సహా ఒకటి, ఆ సందు మొదట్లోంచి ఒకటి, గేటు వైపు నుంచి ఒకటి. అవే మూడు పొద్దున, మిట్టమధ్యాహ్నం, లైట్లు వెలిగాక. రాత్రి లారీలు దిగే వేళ ఖచ్చితంగా. ప్రతి షాటుకీ బూమ్ పెట్టి దాని శబ్దం దానికే తీయండి. లైబ్రరీ హారన్లు వేస్తే గుంటూరు వాళ్లు పట్టేస్తారు.

#21 · చిన్నకాలువ
అయితే పొద్దున గేటు తెరవడంతో మొదలై రాత్రి లారీలతో ముగిస్తే సరిపోతుందేమో?

#22 · ఎడిట్‌బల్ల
అది మొదట తట్టేది కాబట్టే అనుమానించండి. పొద్దున్నుంచి రాత్రి దాకా వరస పెడితే రెండో గంటలో చూసేవాడు గడియారం లెక్క వేసుకుంటాడు. కాయ ప్రయాణం వరసలో పెట్టినా అదే బాధ, ఇండస్ట్రియల్ ఫిల్ము అవుతుంది. సీన్ల మధ్య వాదన వెతకండి: కమిటీ గదిలో ‘రైతుకి ఏ ఇబ్బందీ లేదు’ అన్న మాట పక్కన ఏ సీను పెడతారు? అక్కడ మీ అభిప్రాయం చెప్పేస్తున్నట్టు కూడా ఉండకూడదు. వెంటనే ఏడుస్తున్న రైతుని పెడితే చవకబారు దెబ్బ. మధ్యలో రెండు సీన్లు పోనిచ్చి పెట్టండి.

#23 · యార్డుగేటు
ఒక చిన్న ప్రశ్న మిగిలింది. రికార్డర్, కెమెరా వేరువేరు. క్లాప్ కొట్టే వీలు లేదు. సింక్ ఎలా?

#24 · బూమ్‌రాడ్
రెండింటికీ టైమ్‌కోడ్ డబ్బాలు (రెండింట్లోనూ ఒకే గడియారం నడిపించేవి) తగిలించండి, పొద్దున ఒకసారి, భోజనాలప్పుడు ఒకసారి కలపండి. డబ్బా లేని రికార్డర్ నాలుగైదు గంటల్లో ఒకటి రెండు ఫ్రేములు జారడం మామూలే. కెమెరా సొంత మైక్ కూడా ఎప్పుడూ ఆన్‌లో ఉంచండి, డబ్బా బ్యాటరీ అయిపోయిన రోజు అలల ఆకారం చూసి కలపడానికి. సీను మొదట్లో క్లాప్ వద్దు. తప్పనిసరైతే సీను అయ్యాక, అనుమతి మాట రికార్డు చేసే ముందు, మైక్ కొనని వేలితో ఒకసారి తట్టి కెమెరాకి చూపించండి. అది చాలు.